కట్ చెప్పకుండా కూర్చోగలరా?

ప్రశ్న: సార్, నాకు 36 ఏళ్లు. విజయనగరంలో ఉంటాను. పెళ్లిళ్లకి వీడియోలు తీసుకుంటూనే ఆరు షార్ట్ ఫిల్మ్స్ తీశాను, అప్పు చేసి గంటన్నర సినిమా ఒకటి తీశాను. రెండు చిన్న ఫెస్టివల్స్‌లో వేశారు. ఏ ఓటీటీ వాళ్లూ తీసుకోకపోతే యూట్యూబ్‌లో పెట్టేశాను. ఏడాదిగా ప్రతి ఆదివారం మా మేడ మీద గదిలో ఐదుగురం డంజన్స్ అండ్ డ్రాగన్స్ ఆడుతున్నాం. ఆడించేది నేను. నా సినిమాలో వేసిన ఇద్దరు కుర్రాళ్లు, పరిషత్ నాటకాలు వేసే ఒక గవర్నమెంటు స్కూలు మాస్టారు, మా పిన్ని కూతురు ఆడతారు. సినిమా తీసినప్పుడు లేని హుషారు ఇందులో ఉంది. దీన్ని తెలుగులో స్ట్రీమ్ చేద్దామని ఆలోచన. గది బాగుచేయించడానికీ, కెమెరాలకీ, లైట్లకీ కలిపి నాలుగు లక్షలవుతుంది. లోన్ దొరికేలా ఉంది. మా నాన్న మాత్రం "సినిమా అయిపోయింది, ఇప్పుడు పాచికలా?" అంటున్నారు. సినిమా వాళ్లు దీన్ని వెనకడుగు అనుకుంటారా? లైవ్ పెట్టాలా, రికార్డు చెయ్యాలా? తెలుగులో ఇలాంటివి ఎవరైనా చూస్తారా? నా దగ్గర సగం రాసిన రెండో సినిమా స్క్రిప్టు ఉంది. దాన్నే ఆటగా ఆడిస్తే ఎలా ఉంటుంది? (పేరు రాయొద్దన్నారు)

జవాబు: లోన్ తీసుకోకండి. ముందు ఈ మాట చెప్పేస్తే మిగతావి తీరిగ్గా మాట్లాడుకోవచ్చు. పాత అప్పు తీరిందని మీరు ఎక్కడా రాయలేదు. ఆషాఢంలోనూ మూఢంలోనూ పెళ్లిళ్లుండవు, కిస్తీ మాత్రం నెలనెలా వస్తుంది. ఆ టెన్షన్‌తో బల్ల దగ్గర కూర్చుంటే మీ మొహంలోనే తెలిసిపోతుంది. పెళ్లిళ్లు తీసే మనిషి దగ్గర కనీసం రెండు కెమెరాలు, నాలుగు కాలర్ మైకులు, రెండు లైట్లు ఉంటాయి. ఐదో మనిషికి ఇంకో మైకు అరువు తెచ్చుకుంటే మొదటి సీజన్‌కి అవి చాలు.

ఈ ఆట పేరు ఇప్పుడే వింటున్న పాఠకుల కోసం నాలుగు ముక్కలు. బల్ల చుట్టూ నలుగురైదుగురు కూర్చుంటారు. అందులో ఒకరు ఆడించే మనిషి, గేమ్ మాస్టర్ అంటారు. ఊరు ఎలా ఉంది, ఎదురొచ్చినవాడు ఎవడు, తలుపు వెనక ఏముంది, ఇవన్నీ ఆయన చెబుతాడు. మిగతావాళ్లకి తలా ఒక పాత్ర. మా పాత్ర ఇలా చేస్తుంది అని వాళ్లు నోటితో చెబుతారు. జరుగుతుందో లేదో తెలియని చోట పాచిక వేసి తేలుస్తారు. అమెరికాలో గ్యారీ గైగాక్స్, డేవ్ ఆర్నెసన్ కలిసి 1974లో తెచ్చిన డంజన్స్ అండ్ డ్రాగన్స్ ఈ కోవలో అచ్చయి అమ్ముడైన మొదటి ఆట. దాంట్లో 20 ముఖాల పాచిక వేసి, వచ్చిన అంకెకి పాత్ర నేర్పుని బట్టి ఇంకొంత కలుపుతారు. మొత్తం అనుకున్న అంకెని అందుకుంటే పని జరిగినట్టు. గెలిచేవాడూ ఓడేవాడూ లేరు. కథ ఎటు వెళ్తే అటు. ఇలా ఆడేటప్పుడు కెమెరా పెట్టి జనానికి చూపించడమే మన ఉత్తరం రాసిన ఆయన చేద్దామనుకుంటున్నది.

ఇక వెనకడుగు సంగతి. లాస్ ఏంజిలెస్‌లో కొంతమంది డబ్బింగ్ ఆర్టిస్టులు 2012లో ఒక పుట్టినరోజు సరదాగా ఇంట్లో ఆట మొదలుపెట్టారు. దాన్నే 2015 నుంచి క్రిటికల్ రోల్ పేరుతో స్ట్రీమ్ చేశారు. 2019లో ఆ కథని యానిమేషన్‌గా తీస్తామని ఏడున్నర లక్షల డాలర్లు అడిగితే, జనం కోటీ 13 లక్షల డాలర్ల పైచిలుకు ఇచ్చారు. 2022లో అది ప్రైమ్ వీడియోలో సిరీస్‌గా వచ్చింది. జపాన్‌లో ఇంకా ముందే, 1986లో, ఒక బల్ల మీద ఆడిన ఆటని మాటకి మాట రాసి పత్రికలో సీరియల్‌గా వేశారు. అదే తర్వాత నవలలై, యానిమేషన్ అయింది. కాబట్టి బల్ల మీద పుట్టిన కథ తెరకెక్కడం ఎప్పుడో జరిగిపోయింది. అలాగని మీకూ అలాగే జరుగుతుందని నేను చెప్పను. ఆ లాస్ ఏంజిలెస్ వాళ్లందరూ గొంతుతో బతికే ప్రొఫెషనల్స్. మీరు చూడాల్సింది 2012కీ 2015కీ మధ్య ఉన్న కాలాన్ని. అన్నేళ్లు వాళ్లు కెమెరా లేకుండా ఆడారు. మీది ఏడాది. అది తక్కువేం కాదు, పునాది పడినట్టే.

సినిమా వాళ్లు ఏమనుకుంటారన్న దిగులు పక్కన పెట్టండి. మీ సినిమా వచ్చినప్పుడు పట్టించుకోనివాళ్లు ఇప్పుడు మాత్రం ఎందుకు పట్టించుకుంటారు? నాకు భయం వేసేది వేరే చోట. సినిమా తీసే మనిషికి చెయ్యి ఊరుకోదు. సీను తను అనుకున్నట్టు రాకపోతే వన్ మోర్ అంటాడు. ఈ ఆటలో వన్ మోర్ లేదు.

ఉదాహరణకి మాస్టారి పాత్ర ఒక దొంగ అనుకుందాం. రాత్రి పూట షావుకారు మేడలోంచి దస్తావేజు తేవాలి. పెరటి గోడ దూకుతున్నాను అంటాడు. పాచికలు వేస్తే బొటాబొటీగా వచ్చింది. మీరేమంటారు? "దస్తావేజు దొరికింది మాస్టారూ. దిగేటప్పుడు ఒక చెప్పు అవతలే ఉండిపోయింది." అంతే. ఆ క్షణంలో మాస్టారి మొహం చూడాలి, కెమెరా అక్కడ ఉండాలి. కాసేపాగి మీ పిన్ని కూతురు అంటుంది: "నాను చెప్పులు కుట్టేదాన్నే కదేటి, పొద్దున్నే ఆ షావుకారు నా దగ్గరికే వస్తాడు." ఆమె ఆ మాట అంటుందని మీకు తెలీదు, ఆమెకీ అప్పటిదాకా తెలీదు. కథ అక్కడ మలుపు తిరిగింది. ఇప్పుడు మీలోని దర్శకుడు, షావుకారు పోలీసుల దగ్గరికి వెళ్తాడని నేను ముందే రాసుకున్నాను కదా, అని గింజుకుంటాడు. ఆ కాగితం చింపెయ్యండి. షావుకారు చెప్పు పట్టుకుని ఆమె కొట్టు దగ్గరికి రావాల్సిందే.

అవధానం చూశారా ఎప్పుడైనా? నిషిద్ధాక్షరిలో పృచ్ఛకుడు అక్షరం అక్షరానికీ అడ్డుపడతాడు. ఇంకొకాయన నాలుగు పొంతన లేని మాటలిచ్చి పద్యంలో పొదగమంటాడు. మధ్యలో అప్రస్తుత ప్రసంగం. అవధాని ఇంటి దగ్గర పద్యాలు రాసుకుని వచ్చి చదివితే ఎవరూ కూర్చోరు. ఇరుక్కున్న చోటు నుంచి అప్పటికప్పుడు ఎలా బయటపడతాడో చూడ్డానికే జనం వస్తారు. మీ ఆట చూసేవాళ్లు కూడా అందుకే వస్తారు. మీరు ముందే కథ నడిపేసుకుని, ఆడేవాళ్లని దాని వెంట తోలుకెళ్తే రెండో ఎపిసోడ్‌కే పట్టేస్తారు. మీరు రాసుకోవలసినవి మనుషులూ చోట్లూ మాత్రమే. ఎవరికి ఏం కావాలి, దాని కోసం ఎంతకి తెగిస్తారు అన్నవి రాసుకోండి. ఏం జరుగుతుందన్నది రాయకండి.

అందుకే ఇంకో సలహా. ఆదివారాలు మీరు ఆడేది డంజన్స్ అండ్ డ్రాగన్స్ కావచ్చు, కానీ స్ట్రీమ్‌కి అదే పట్టుకుని కూర్చోకండి. అందులో యుద్ధం మొదలైతే గంట పడుతుంది. వంతులు, లెక్కలు, మంత్రాల పట్టికలు. ఆడేవాళ్లకి బావుంటుంది, కొత్తగా చూసేవాడికి నీరసం వస్తుంది. 2010లో విన్సెంట్ బేకర్, మెగ్యూ బేకర్ తెచ్చిన అపోకలిప్స్ వరల్డ్, దాని బాటలో వచ్చిన ఆటలు చూడండి. వాటికి మామూలు ఆరు ముఖాల పాచికలు రెండు చాలు, ఏ ఫ్యాన్సీ షాపులోనైనా దొరుకుతాయి. రెండూ కలిపి 10 గానీ ఆ పైన గానీ వస్తే అనుకున్నది జరుగుతుంది. 7 నుంచి 9 వస్తే జరుగుతుంది గానీ ఏదో ఒక నష్టం తప్పదు. 6 గానీ అంతకంటే తక్కువ గానీ వస్తే పరిస్థితి ఆడించేవాడి చేతిలోకి వెళ్తుంది. లెక్క వేస్తే, ఏమీ కలపకుండా 36 సార్లలో 15 సార్లు ఆ మధ్య రకమే వస్తుంది. పాత్ర నేర్పుని బట్టి ఒకటి కలిపితే 16 సార్లు. ఇందాకటి చెప్పు అలా జారిందే. కథకి ఇంతకంటే మంచి యంత్రం నేను చూడలేదు. చూసేవాడికి కూడా నిమిషంలో అర్థమవుతుంది.

డంజన్స్ అండ్ డ్రాగన్సే కావాలనుకుంటే దారి మూసుకుపోలేదు. 2023 జనవరిలో దాని మూల నియమాల పత్రాన్ని క్రియేటివ్ కామన్స్ కింద విడుదల చేశారు. పేరు చెప్పి వాడుకోవచ్చు, తెలుగులోకి తెచ్చుకోవచ్చు కూడా. వాళ్ల పుస్తకాల్లోని లోకాలూ పాత్రలూ అన్నీ అందులో ఉండవు, అవి ముట్టుకోకండి. నేపథ్య సంగీతం విషయంలో మీకు నేను చెప్పాలా? సినిమా బిట్టు ఒక్కటి వేసినా కాపీరైట్ క్లెయిమ్ పడుతుంది. జముకు వాయించేవాళ్లు మీ జిల్లాలో ఉన్నారు కదా. ఒక పూట పిలిచి, డబ్బులిచ్చి, నాలుగు రకాల వాయింపులు రికార్డు చేసుకోండి. భయానికి ఒకటి, పరుగుకి ఒకటి.

లైవ్ వద్దు. క్రిటికల్ రోల్ వాళ్లు మొదట్లో గురువారం గురువారం లైవ్ ఇచ్చేవాళ్లు, 2020 నుంచి ముందే రికార్డు చేసి పెడుతున్నారు. 2018లో మొదలైన డైమెన్షన్ 20 అనే ఇలాంటి షో అయితే తీసి, ఎడిట్ చేసి, చిన్న చిన్న సీజన్లుగా ఇస్తుంది. మీకు చేతిలో ఉన్న విద్య ఎడిటింగ్. దాన్ని వదులుకుని కరెంటునీ నెట్‌నీ నమ్ముకోవడం ఎందుకు? మూడు గంటలు ఆడండి, 70 నిమిషాలకి దించండి. రూలు వెతుక్కున్న సమయం, టీలు, కాగితం కేసి చూస్తూ నసిగిన నసుగుడు, అన్నీ తీసెయ్యండి. ఓడిపోయిన పాచిక మాత్రం తియ్యొద్దు. ఒక ఫోను పైనుంచి కిందకి చూసేలా బిగించి పాచికలు పడే చోటు ఎప్పుడూ ఫ్రేములో ఉంచండి. ఒక్కసారి, కథ బాగుండాలని పాచిక మళ్లీ వేశారని చూసేవాడికి అనుమానం వస్తే ఇక మీరేం చేసినా నాటకమే అనుకుంటాడు.

బొమ్మ కంటే శబ్దం ముఖ్యం. ఇలాంటివి చాలామంది వంట చేసుకుంటూ, బస్సులో కూర్చుని వింటారు. మనిషికో మైకు, మైకుకో ట్రాకు. మేడ మీద గది అంటున్నారు, ఎండాకాలం ఫ్యాను ఆపితే మనుషులు ఆగరు, వేస్తే మైకు ఆగదు. రాత్రి ఎనిమిది తర్వాత పెట్టుకోండి, గోడలకి బొంతలు వేలాడదియ్యండి, మైకు గొంతుకి దగ్గరగా పెట్టి ఫ్యాను ఒకటో నంబరు మీద ఉంచండి. ఉత్త చెక్క మీద పాచిక పడితే హెడ్‌ఫోన్లో సుత్తి దెబ్బలా వినిపిస్తుంది, కింద మందపాటి గుడ్డ పరవండి. అయిదుగురు ఒకేసారి మాట్లాడే అలవాటు మాత్రం ఏ మైకూ బాగుచెయ్యదు, మీరే చెయ్యెత్తి ఆపాలి.

ఎప్పుడు తియ్యాలంటారా? పైన చెప్పిన ఆషాఢంలో, మూఢంలో. మీకు పని ఉండదు, మాస్టారికి మాత్రం రాత్రిళ్లే కుదురుతుంది. ఆరు ఎపిసోడ్లు, ఒకే కథ. ఆరూ తీసి, ఆరూ ఎడిట్ అయ్యాకే మొదటిది వదలండి. నాలుగోదాని దగ్గర పెళ్లిళ్ల సీజన్ వచ్చి ఆగిపోతే చూసినవాళ్లు మళ్లీ రారు.

తెలుగులో చూస్తారా అన్నదానికి నా దగ్గర హామీ లేదు, లెక్క ఒకటి ఉంది. ప్రకటనల డబ్బు రావాలంటే యూట్యూబ్‌లో 1,000 మంది సబ్‌స్క్రైబర్లు, 12 నెలల్లో 4,000 గంటల వీక్షణ ఉండాలి. మీ షార్ట్ ఫిల్మ్ ఒక్కొక్కరు సగటున ఆరు నిమిషాలు చూస్తే 4,000 గంటలకి 40,000 వ్యూస్ కావాలి. 70 నిమిషాల ఎపిసోడ్‌ని 25 నిమిషాలు చూసినా 9,600 చాలు. ఆరింటికీ పంచితే ఒక్కోదానికి 1,600. అది అందని అంకె కాదు. ఆ తర్వాత వచ్చే డబ్బుతో ఇల్లు గడుస్తుందని మాత్రం ఆశపడకండి. పెళ్లి వీడియోలే అన్నం పెట్టేది, ఇంకొన్నేళ్లు అంతే.

మీరు మీ యాసలోనే ఆడండి. సినిమాల్లో ఉత్తరాంధ్ర మాట వినబడితే అది పనివాడిదో నవ్వించేవాడిదో అయ్యుంటుంది. నాకు ఎప్పుడూ ఒళ్లు మండే సంగతి అది. మీ బల్ల మీద మంత్రగత్తె, రాజు, చచ్చి దెయ్యమైన కరణం అందరూ "ఏటి, ఎలాగున్నావు" అనే అడగాలి. వాడుక మాటల కన్యాశుల్కాన్ని 1892లోనే రంగస్థలం మీద చూసిన ఊరు మీది. ఈ విషయంలో ఎవరికీ సంజాయిషీ చెప్పుకోనక్కర్లేదు. కోటలూ డ్రాగన్లూ వదిలేసి మీ వైపు చోట్లే వాడండి: కోటగోడ, తోటపల్లి కాలవ, రాత్రి ఆలస్యమైన ఒడిశా బండి. ఒక్క జాగ్రత్త. పైడితల్లమ్మని, సిరిమానుని పాచికల దగ్గరికి తేవద్దు. భక్తితోనే తెచ్చినా, రెండు కలిపి 3 వచ్చినప్పుడు అమ్మవారికి ఏమైందని చెబుతారు? ఊరు పేరు, దేవత పేరు మీరే పుట్టించుకోండి.

నాన్నగారికి వివరించబోకండి. పాచిక అంటే ఆయనకి శకుని గుర్తొస్తాడు, పందెం లేదని ఎన్నిసార్లు చెప్పినా ఆ మాట చెవికెక్కదు. ఒక ఆదివారం ఆయన్ని కుర్చీ వేసి కూర్చోబెట్టి, షావుకారు మాటలు ఆయన చేత చెప్పించండి. వద్దంటే ఊరుకోండి. కానీ ఆయన అసలు భయం పాచికల గురించి కాదనుకుంటాను, పాత అప్పు గురించి. లోన్ తీసుకోవడం లేదని చెబితే సగం కోపం దిగుతుంది.

ఇప్పుడు మీరు అడగని రెండు సంగతులు. మాస్టారు గవర్నమెంటు ఉద్యోగి. సరదాగా ఆడితే ఒకటి, చానెల్ ఆదాయంలో వాటా తీసుకుంటే ఇంకొకటి. డబ్బు మొదలవకముందే ఆయన శాఖ అనుమతి అడగాలి, ఆ కాగితం చేతికొచ్చేదాకా ఆయన పేరు మీద రూపాయి కూడా చూపించకండి. రెండోది మీ పిన్ని కూతురు. కెమెరా ముందు ఆడపిల్ల ఉంటే కామెంట్లు ఎలా వస్తాయో మీకు తెలుసు. కామెంట్లు ముందు మీరు చూసి, తర్వాతే కనబడేలా సెట్టింగ్ పెట్టండి, ఆ పని ఆమె మీద వెయ్యకండి. ఆటలో కూడా ఏ సంగతులు రాకూడదో రికార్డింగ్‌కి ముందే ఐదుగురూ చెప్పుకోండి. కులం పేరుతో తిట్టు, ఆడవాళ్ల మీద దౌర్జన్యం, ఇంట్లో ఈమధ్యే పోయినవాళ్ల ప్రస్తావన, ఎవరికేది ఇబ్బందో వాళ్లు చెప్పాలి. మధ్యలో ఎవరైనా చెయ్యి అడ్డం పెడితే కారణం అడక్కుండా ఆ సీను వదిలెయ్యాలి. ఈ ఆటలాడేవాళ్లకి ఇది మామూలే, ఎక్స్ కార్డ్ అని ఒక చీటీ బల్ల మీదే పెట్టుకుంటారు. మీరు తెచ్చిన నటులు కుర్రాళ్లు, మీ మాటకి ఎదురు చెప్పలేరు. చీటీ ఉంటే చెప్పగలరు.

పాత్ర ఎవరు ఆడితే వాళ్లదని, కథ ఐదుగురిదని, రేపు ఎవరైనా సినిమాకో సిరీస్‌కో అడిగితే అందరి సంతకం కావాలని, ఒక్క పేజీ రాసుకుని సంతకాలు పెట్టుకోండి. స్నేహితుల మధ్య కాగితం ఏమిటని మీకు మొహమాటంగా ఉండొచ్చు. డబ్బు వచ్చాక రాసుకోవడం ఇంకా మొహమాటం.

అక్కడే మీ చివరి ప్రశ్నకి జవాబు కూడా ఉంది. రెండో సినిమా స్క్రిప్టుని ఆటలోకి తేవద్దు. తెస్తే రెండు రకాలుగా చెడుతుంది. ఆటలో మీరు దాన్ని కాపాడుకోవాలని చూస్తారు, వాళ్లని కదలనివ్వరు. వాళ్లు కదిలితే అది ఇక ఐదుగురి కథ, రేపు మీరొక్కరూ తీసుకోలేరు. ఆ స్క్రిప్టులో ఊరు గానీ మనిషి గానీ ఒక్కటి కూడా వాడకండి. పొద్దున్న దాని మీద కూర్చోండి, రాత్రి బల్ల దగ్గర కూర్చోండి. సీజన్ పూర్తయ్యాక ఒకసారి డైలాగులు తిరగెయ్యండి. నాలుగు నెలలు మనుషులు అప్పటికప్పుడు మాట్లాడుకోవడం విన్న చెవితో చదివితే, కొట్టెయ్యాల్సిన లైన్లు మీకే కనబడతాయి.